ఫుల్‌స్టాప్ తర్వాత ఊఁ

మెట్లెక్కి వచ్చిన పెద్దావిడ వెంటనే కూర్చోలేదు. కుర్చీ వెనకాల ఎవరైనా నిలబడి ఉన్నారేమో అన్నట్టు ఒకసారి చూసుకుని, అప్పుడు కూర్చుంది. ఒళ్లో గుడ్డసంచీ. అందులోంచి నాలుగు పుస్తకాలు, ఒక కాగితం మడత తీసి టేబులు మీద పెట్టింది.

"చచ్చిపోయిన మనిషి ఊఁ కొడతాడా బాబూ?" అని అడిగింది.

స్టెనో చేతిలో పెన్సిల్ ఆగిపోయింది. ఏడేళ్లు కోర్టులో సాక్ష్యాలు రాసుకున్న చెయ్యి అది. ఇలాంటి ప్రశ్న ఏ బోనులోంచీ వినలేదు. టేబులుకి అటువైపు కూర్చున్న డిటెక్టివ్ మాత్రం కళ్లజోడు తీసి, తుడిచి, మళ్లీ పెట్టుకున్నాడు. ఆయన ఏ పనైనా అంతే. అందుకే ఊరంతా ఆయన్ని నిదానం గారంటుంది. ఇంటికి నిప్పంటుకున్నా ముందు చెప్పులు కుడిదీ ఎడమదీ చూసుకుని గానీ బయటికి నడవని మనిషి. కానీ ఆ నిదానంలోంచి ఏదీ జారిపోదు. కోర్టు ఉద్యోగం వదిలేసి ఈ మేడమీది గదిలో చేరినందుకు స్టెనోని వాళ్లమ్మ ఇప్పటికీ సాధిస్తూనే ఉంది. స్టెనో మాత్రం ఒక్కరోజు కూడా విచారించలేదు.

"కొడతాడో లేదో నాకు తెలీదమ్మా," అన్నాడు నిదానం గారు. "ఎప్పుడు, ఎలా కొట్టాడో చెప్పండి. తొందరేం లేదు."

ఆవిడ చెప్పడం మొదలుపెట్టింది. ఆవిడకీ, వాళ్లన్నయ్యకీ కలిపి ఒక పుస్తకాల కొట్టు ఉంది. ముందు గదిలో నాలుగు బీరువాలు. ఒకదాంట్లో మాయలూ మంత్రాల కథలు, ఒకదాంట్లో సంగీతం, మిగతా రెండింట్లో నాటకాలు, చరిత్ర. అయిదో రకం పుస్తకం ఆ కొట్లో దొరకదు. వంటల పుస్తకం అడిగినవాళ్లని అన్నయ్య గుమ్మం దాకా సాగనంపి మరీ వచ్చేవాడట. అసలు పని వెనక గదిలో జరుగుతుంది. అచ్చుకి వెళ్లబోయే పుస్తకాలు ఎక్కడెక్కడివో ఆ గదికి వస్తాయి. రోజూ మధ్యాహ్నం మూడింటికి ఆవిడ రాతప్రతి పట్టుకుని పైకి చదువుతుంది, కామాలు ఫుల్‌స్టాపులతో సహా. అన్నయ్య ఎదురుగా కూర్చుని అచ్చుకాగితం మీద ఎర్రపెన్సిల్‌తో తప్పులు దిద్దుతాడు. ఆవిడ "ఫుల్‌స్టాప్" అనగానే, సరిచూశాను పద అన్నట్టు "ఊఁ" అంటాడు. నలభై ఏళ్లు అలాగే గడిచాయి. ఆయన దిద్దుళ్ల మాస్టారయ్యాడు, ఆవిడ చదువరమ్మ అయింది. సొంత పేర్లతో పిలిచేవాళ్లు ఎప్పుడో పోయారు.

"మూడు నెలల కిందట అన్నయ్య పోయాడు. గుండెపోటు. అందులో ఏ అనుమానమూ లేదు బాబూ. అనుమానమంతా అంతకు ముందురోజు గురించే."

ముందురోజు ఇద్దరూ పోట్లాడుకున్నారు. నాలుగు బీరువాల్లోంచీ మంచివి ఏరి ఒక సంకలనం చేశారు. నలభై ఏళ్లు ఊరివాళ్ల పుస్తకాలు దిద్దాక మొదటిసారి తమ పుస్తకం. మొదటి పేజీలో "ఏర్చి కూర్చినవారు" అని ఇద్దరి పేర్లూ. ఆ ప్రూఫు చదువుతూ ఆవిడ ఒక లైను ఎగరగొట్టింది. అన్నయ్య పట్టుకున్నాడు. నలభై ఏళ్లలో మొదటి తప్పు. అయినా, లేక అందుకేనేమో, ఇంతెత్తున లేచాడు. ఇలాంటి చదువుకి పేరొకటా అన్నాడు. "అయితే కొట్టెయ్!" అని ఆవిడ విసురుగా మేడెక్కేసింది. తెల్లారేసరికి ఆయన ఆ టేబులు మీదే తల వాల్చి ఉన్నాడు.

"ముందుగా చూసింది ఎవరు?"

"అన్నయ్య కొడుకే. వాడు వేరే కాపురం, ఆ రోజు పొద్దున్నే వచ్చాడు. కాగితాలన్నీ వాడే సర్దాడు. వారం పోయాక ఇదిగో, నాన్న చివరగా దిద్దింది ఇదే అత్తా అని ఈ కాగితం చేతిలో పెట్టాడు."

నిదానం గారు మడత విప్పాడు. రెండు పేర్లున్నాయి. రెండో పేరు మీద అడ్డంగా ఎర్రగీత, కాగితం చిరుగుతుందేమో అన్నంత గట్టిగా గీసింది.

"తప్పుగా కొట్టేస్తే మాస్టారు ఏం చేసేవారమ్మా? రబ్బరుతో చెరిపేవారా?"

"అయ్యో, రబ్బరు ముట్టుకునేవాడే కాదు! మా కొట్లో వెతికినా రబ్బరు ముక్క దొరకదు. కొట్టింది కొట్టినట్టే ఉంచి దాని కింద వరసగా చుక్కలు పెట్టేవాడు. చుక్కలుంటే, ఇది ఉండనివ్వు అని లెక్క." ఆవిడ కొట్టేసిన పేరు మీద వేలు పెట్టింది. "చుక్కల కోసం భూతద్దం పెట్టి వెతికాను. లేవు."

తర్వాత ఆవిడ ఊఁ సంగతి చెప్పింది. ఆయన పోయిన మూడో వారం, గురువారం. బయట కుంభవృష్టి. షట్టరు దించేసి, తలుపులన్నీ గడియ వేసింది. ఇల్లంతా తనొక్కతే. చెయ్యి ఊరుకోక రాతప్రతి తీసి మూడింటికి చదవబోయింది. మొదటి వాక్యం చదివి "ఫుల్‌స్టాప్" అంది.

"ఊఁ అన్నాడు బాబూ. పక్కనే."

మర్నాటి నుంచి రోజూ వినిపిస్తోందట. ఆ తర్వాత పుస్తకాలు మొదలయ్యాయి. నాలుగు సోమవారాలు, పొద్దున్నే ఆవిడ టేబులు మీద ఒక్కో పుస్తకం, ఒక్కో బీరువాలోది, ఒక పేజీ తెరిచి. పేజీలో ఎర్రపెన్సిల్‌తో సున్నా చుట్టిన అక్షరాలు. మాయల కథల్లో "నీ". సంగీతంలో "పే", "రు". నాటకంలో "కొ", "ట్టే". చరిత్రలో "శా", "ను".

స్టెనో పెదవులు కదిలాయి. నీ పేరు కొట్టేశాను.

"శుక్రవారం అబ్బాయి కాగితాలు తెస్తానన్నాడు. కొట్టు ఎవరో మొబైల్ షోరూం వాళ్లకి ఇస్తాడట. సంతకం పెట్టేసి మా పిన్ని కూతురింటికి వెళ్లిపోతాను. కొట్టు పోతే పోనీ. నాకొక్కటే తెలియాలి." ఆవిడ నిదానం గారి కళ్లలోకి సూటిగా చూసింది. "అన్నయ్య నా మీద కోపంతోనే పోయాడా?"

*

మర్నాడు రెండున్నరకి ఇద్దరూ కొట్టుకి వెళ్లారు. ముందు గదిలో వెలుతురు సన్నగా ఉంది. బీరువాల అద్దాల్లో స్టెనోకి తన మొహమే నాలుగుసార్లు కనబడి ఉలిక్కిపడింది. చరిత్ర బీరువా పక్కన మాస్టారి గొడుగు అలాగే వేలాడుతోంది. ఎవరూ తీయలేదు.

నాటకాల బీరువా దగ్గర స్టూలు మీద ఒక పెద్దమనిషి కునికిపాట్లు పడుతున్నాడు. ఒకప్పుడు రంగస్థలం మీద రాజులూ మంత్రులూ వేసిన నటుడు. పన్నెండేళ్లుగా రోజూ వచ్చి ఆ బీరువాలో పుస్తకాలన్నీ అక్కడే చదివేస్తాడు, ఒక్కటి కొన్న పాపాన పోలేదు. అందరూ నాటకాలాయన అంటారు.

"మాస్టారి గొంతు మీకు వచ్చా?" అని అడిగాడు నిదానం గారు.

"వచ్చా ఏమిటండీ! మునిసిపల్ చైర్మన్ గొంతుతో ఫోన్ చేసి ఈ వీధి మురిక్కాలువ బాగుచేయించిన వాణ్ని నేను." గొంతు సవరించుకుని, "ఊఁ!" అన్నాడు.

వెనక గదిలో ఏదో జారి కిందపడింది. చదువరమ్మ గుమ్మంలోకి వచ్చి నిలబడింది, మొహంలో నెత్తుటి చుక్క లేదు. నాటకాలాయన నాలిక కరుచుకున్నాడు.

"క్షమించు తల్లీ, ఈయన అడిగితే..." అని నసిగాడు. తర్వాత స్టెనో వైపు తిరిగి గొణిగాడు. "నేను కాదమ్మా ఆ పని చేసేది. మూడింటికి నాకు కన్నంటుకుపోతుంది. ఆ వేళప్పుడు నా మీద బీరువా పడ్డా లేవను."

వెనక గదికి ఒక పక్క చెక్క గోడ ఉంది. పలకకీ పలకకీ మధ్య వేలు పట్టేంత సందు. గోడకి అవతల పుస్తకాలు కుట్టే బైండరు పనిచేసే చోటు. మైదా జిగురు వాసన, కత్తిరించిన కాగితాల పోగులు, బరువు కింద ఆరుతున్న అట్టలు. యాభై దాటిన మనిషి, సూది దారం ఆపకుండానే లేచి నిలబడ్డాడు. ఎడమ చూపుడు వేలి మీద మానిన కుట్ల గుర్తు.

"మిషన్‌లో పడి తెగింది బాబూ, వానల్లో," అన్నాడు, నిదానం గారి చూపు గమనించి.

"ఆ మాయల కథల పుస్తకం ఇంకో ప్రతి ఉందా?" నిదానం గారు పుస్తకం పేరు చెప్పాడు.

బైండరు అరల వైపు చూసి తల గోక్కున్నాడు. "అందులో ఏం జరుగుతుందండీ?"

"ఎవరో రాకుమారి, మేడ, ఏడు తలుపులు..."

"ఓ, అదా! ఎర్ర కాలికో గుడ్డ అట్ట, గుండ్రటి వీపు." క్షణంలో తీసిచ్చాడు. స్టెనోకి ఆ ప్రశ్న ఎక్కడో గుచ్చుకుంది కానీ ఎందుకో తెలియలేదు.

మూడు కొట్టింది. చదువరమ్మ టేబులు దగ్గర కూర్చుంది. ఎదుటి కుర్చీ ఖాళీ. నిదానం గారు గుమ్మం పక్కకి తప్పుకుని, "ఆవిడ చదివేది రాసుకోండి స్టెనో గారూ. ఊఁ ఎక్కడొస్తే అక్కడ గుర్తు పెట్టండి. భయపడ్డా చెయ్యి ఆపకండి," అన్నాడు.

"నాకేం భయం సార్," అంది స్టెనో. ముచ్చెమటలు పోస్తున్నాయి.

చదువరమ్మ గొంతు ఎత్తుపల్లాలు లేకుండా, లెక్కగా సాగింది. "ఆరు తలుపులు దాటిన రాకుమారి ఏడో తలుపు ముందు ఆగింది ఫుల్‌స్టాప్." ఆగింది. ఖాళీ కుర్చీ వైపు చూసింది. ఏమీ లేదు. "తలుపు అవతల ఎవరో ఊపిరి పీలుస్తున్న చప్పుడు కామా ఆమె చేతిలో దీపం ఒక్కసారిగా..."

"ఊఁ?"

అది మనిషి గొంతే. దగ్గరగా, తగ్గుస్వరంలో, గది నాలుగు మూలల్నుంచీ వచ్చినట్టుంది. స్టెనో పెన్సిల్ మొన పుటుక్కున విరిగింది. చదువరమ్మ కళ్లు మూసుకుని, కన్నీళ్లు కారుతుంటే తుడుచుకోకుండానే చదువుకుంటూ పోయింది.

నాలుగింటికి అన్నకొడుకు వచ్చాడు. నలభై ఏళ్ల మనిషి, మర్యాదస్తుడు. ఇళ్ల ప్లాన్లు గీసే ఆఫీసు నడుపుతున్నాడు. ఆదివారాలు బైండరూ నాటకాలాయనా రారు కాబట్టి సాయంత్రం తనే వచ్చి అత్తని పలకరించి, షట్టరు వేసి వెళతానని చెప్పాడు.

"మా అత్తని ఇలాంటి చోట ఒంటరిగా ఎలా వదిలేయమంటారు? నాన్న ఆవిడని పొమ్మంటున్నాడని ఆవిడే అంటోంది. నేను నమ్ముతానా, లేదా అన్నది వేరే సంగతి." మాట్లాడుతూ టేబులు మీద లేని దుమ్ముని చిటికెనవేలి పక్కతో ఒకసారి తుడిచాడు, ఇంకోసారి తుడిచాడు. "నాన్నకి తప్పులంటే ప్రాణం. హాస్టల్ నుంచి నేను రాసిన ఉత్తరాలు కూడా ఎర్రపెన్సిల్‌తో దిద్ది తిరిగి పంపేవాడు. మిమ్మల్ని చూడాలనుంది అని రాస్తే, చూడాలని ఉంది అని విడగొట్టి రాయాలి అని దిద్దాడు."

ఆ మాటకి స్టెనోకి నవ్వొచ్చింది. అతని మొహం చూశాక ఆగిపోయింది.

తిరిగి వెళుతుంటే దారిలో ఆమె ఉండబట్టలేకపోయింది. "నాటకాలాయనే కదా సార్? అచ్చం మాస్టారి గొంతే!"

"మాస్టారి గొంతు మీరు విన్నారా?"

"లేదనుకోండి..."

"మీరు రాసుకున్నది ఇంటికెళ్లి చదవండి. ఊఁ ఎక్కడెక్కడ పడిందో చూడండి. తర్వాత ఆ నాలుగు పేజీలూ చూడండి. అక్షరాలు కాదు, సున్నాలు." అంతకన్నా ఆయన ఒక్క ముక్క చెప్పలేదు. స్టెనోకి ఒళ్లు మండిపోయింది.

*

గురువారం మూడింటికి అందర్నీ వెనక గదిలో కూర్చోబెట్టాడు. నాటకాలాయన నిద్ర ఆపుకోవడానికి ఫ్లాస్కు నిండా కాఫీ తెచ్చుకున్నాడు. అన్నకొడుకు సంతకాల కాగితాలు ఒకరోజు ముందే తెచ్చేశాడు.

"బైండరుని కూడా పిలవనా?" అంది చదువరమ్మ.

"పని చేసుకోనివ్వండి. మీరు చదవండమ్మా, నిన్న ఆపిన చోటినుంచి."

ఆవిడ చదివింది. ఏడో తలుపు తెరుచుకుంది. లోపల రాకుమారికి ఎదురుగా తన చిన్నప్పటి రూపమే నిలబడి ఉంది. "ఆ పిల్ల నోరు తెరిచి..."

"ఊఁ?"

కుర్చీ దభాలున పడింది. అన్నకొడుకు లేచి నిలబడ్డాడు, మొహం సున్నం కొట్టిన గోడలా ఉంది. "ఎ... ఎవరది? నాన్నా?"

నాటకాలాయన నోట్లో కాఫీ ఉండగానే రెండు చేతులూ ఎత్తి, తను కాదని సైగ చేశాడు.

నిదానం గారు నిదానంగా నడిచి వెళ్లి చెక్క గోడలోని చిన్న తలుపు లాగాడు. అవతల బైండరు పలక సందుకి చెవి ఆనించి కూర్చుని ఉన్నాడు. చేతిలో సూది ఆగిపోయింది. పారిపోయే ప్రయత్నం చేయలేదు. తల దించుకుని లోపలికొచ్చి గోడకి ఒదిగి నిలబడ్డాడు.

"నువ్వా?" అంది చదువరమ్మ.

"మాస్టారు ఎలా ఊఁ అనేవారో మీరే చెప్పారమ్మా," అన్నాడు నిదానం గారు. "ఫుల్‌స్టాప్ పడ్డాక. అది పనివాడి ఊఁ, లైను సరిపోయింది పద అనే ఊఁ. మా స్టెనో గారు నిన్న పదకొండు చోట్ల గుర్తులు పెట్టారు. అందులో ఒక్కటీ ఫుల్‌స్టాప్ దగ్గర లేదు. తలుపు తెరవబోతుంటే ఊఁ, దీపం ఆరబోతుంటే ఊఁ. అది కథ వినేవాడి ఊఁ. తర్వాతేమైంది అని అడిగే ఊఁ. ఇక పుస్తకం పేరు చెబితే, అందులో ఏం జరుగుతుందని అడిగే బైండరుకి చదవడం రాదని వేరే చెప్పాలా?"

బైండరు తల అడ్డంగా ఊపాడు. "రాదమ్మా. ముప్పై ఏళ్లుగా కుట్టిన పుస్తకాలన్నీ మీ నోటివెంటే విన్నాను. సంగీతం పుస్తకాలు కూడా, అర్థం కాకపోయినా. అయ్యగారు పోయాక మీరు ఇంక చదవరనుకున్నాను. ఆ కుంభవృష్టి రోజు ఆస్పత్రిలో వేలికి కుట్లు వేయించుకుని, మర్నాడు శుక్రవారం పనిలోకి వస్తే మీ గొంతు వినబడింది. ఫుల్‌స్టాప్ అని ఆగుతున్నారు, ఎవరూ పలకట్లేదు. మళ్లీ చదువుతున్నారు, మళ్లీ ఆగుతున్నారు. నా వల్ల కాలేదు. మిమ్మల్ని భయపెట్టాలని కాదమ్మా, ఒట్టు."

చదువరమ్మ అతని వైపు అలా చూస్తూ ఉండిపోయింది.

"మరి పుస్తకాలు?" అన్నాడు నాటకాలాయన. "చదవడం రానివాడు అక్షరాలెలా ఏరుతాడు?"

"ఏరలేడు. ఈ కొట్లో తిరుగుతున్నవి రెండు దెయ్యాలు. ఒకటి మంచిది. ఇక రెండోదాని సంగతి." నిదానం గారు సంగీతం పుస్తకం తెరిచాడు. "ఈ పేజీలో 'రు' చుట్టూ సున్నా ఉంది. అదే లైనులో శ్రుతి అనే మాట శ్రుటి అని అచ్చయింది. మందుసీసా మీది చీటీలో తప్పు కూడా దిద్దే మనిషి, చచ్చాక అయినా సరే, దీన్ని దిద్దకుండా పోతాడా?"

"పోడు," అంది చదువరమ్మ అప్రయత్నంగా. "చచ్చినా పోడు."

"తర్వాత సున్నాలు. ఏడూ ఒకే కొలత, కంపాసు పెట్టి గీసినంత గుండ్రం. నాటకం పుస్తకంలో 'ట్టే' చూడండి. పైన అక్షరం లోపల ఉంది, కింద వత్తు మీంచి గీత కోసుకుంటూ పోయింది. దిద్దే చెయ్యి వత్తుని వదలదు, కిందికి సాగదీసి చుడుతుంది. ఇది చేత్తో చుట్టింది కాదు. చిల్లుల ప్లాస్టిక్ పలక ఉంటుందే, ఇళ్ల ప్లాన్లలో గుండ్రాలు గీయడానికి, దానితో గీసింది. దొంగ చేతిరాత దొరికిపోతుందని జాగ్రత్తపడ్డాడు. పలకలో గుండ్రాలున్నాయి గానీ మన వత్తులకి చోటు లేదు."

అందరి కళ్లూ ఒకే చోటికి తిరిగాయి.

"ఆదివారం సాయంత్రం షట్టరు వేసేది మీరు. సోమవారం పొద్దున పుస్తకం దొరుకుతుంది," అన్నాడు నిదానం గారు, గొంతు పెంచకుండానే. "ఊఁ సంగతి అత్తయ్య మీకు చెప్పనే లేదు. అందుకే ఇప్పుడు అందరికన్నా ఎక్కువ హడలిపోయారు. ఎందుకు చేశారో అది మీకూ షోరూంకీ మధ్య సంగతి. ఈవిడ నన్ను అడిగింది అది కాదు."

ఎర్రగీత కాగితం తీసుకుని కిటికీ దగ్గరికి నడిచాడు. మూడున్నర ఎండ ఏటవాలుగా పడుతోంది. కాగితాన్ని కంటి ఎత్తులో అడ్డంగా పట్టుకుని, "రండమ్మా," అన్నాడు. "పైనుంచి కాదు, పక్కనుంచి చూడండి."

ఆవిడ వంగి చూసింది. కొట్టేసిన పేరు కింద కాగితం నూగు లేచి గరుకుగా ఉంది. ఆ గరుకులో, సన్నటి నీడలతో, వరసగా గుంటలు. ఒకటి, రెండు, మూడు... పేరు ఈ చివరినుంచి ఆ చివరి దాకా.

"రబ్బరే లేని ఇంట్లో ఈ కాగితం మీద రబ్బరు ఆడింది. రంగు పోయింది గానీ మొన దిగిన గుంట పోదు. గీత కోపంలో గీసింది, మొద్దుమొనతో. చుక్కలు తర్వాత పెట్టినవి, పెన్సిల్ చెక్కుకుని మరీ." అన్నకొడుకు వైపు తిరిగాడు. "రబ్బరు పొట్టు చిటికెనవేలితో తుడవడం మీకు అలవాటు. చుక్కలంటే అర్థమేమిటో ఈ ఊళ్లో తెలిసినవాళ్లు మీ నాన్నా అత్తా కాక మీరొక్కరే. ఆ దిద్దుళ్ల మధ్యే పెరిగారు కదా."

అన్నకొడుకు పడిపోయిన కుర్చీ లేపి నిలబెట్టాడు. కాదనలేదు.

"ఆ రోజు పొద్దున ఆయన చెంప కింద ఉంది ఈ కాగితం," అన్నాడు చివరికి. "చుక్కలు చూశాను. జీవితమంతా నావి కొట్టేశాడత్తా. ఒక్కదాని కిందా చుక్క పెట్టలేదు. నీకు మాత్రం..."

నాటకాలాయన కాఫీ మూత పెట్టేశాడు. చదువరమ్మ మెల్లగా మేనల్లుడి దగ్గరికి వెళ్లింది. కొడుతుందేమో అనుకుంది స్టెనో. ఆవిడ సంతకాల కాగితాలు అతని చేతిలోంచి తీసుకుని, నాలుగు మడతలు పెట్టి, అతని జేబులోనే కుక్కింది.

"మేడ మీద ఆయన బీరువాలో నీ ఉత్తరాలన్నీ ఉన్నాయిరా. నీకు దిద్ది పంపినవి జిరాక్స్ నకళ్లు. అసలువి ఒక్క గీత కూడా లేకుండా దాచుకున్నాడు. తీసుకుపో. ఈ కొట్టు మాత్రం అడక్కు. నా పేరున్న పుస్తకం ఇంకా దిద్దాలి."

అతను మెట్లెక్కి పైకి వెళ్లాడు. దిగి వచ్చినప్పుడు చేతిలో కట్ట ఉంది, ఎవరి మొహమూ చూడకుండా వీధిలోకి నడిచి వెళ్లిపోయాడు.

చదువరమ్మ ఎదుటి కుర్చీ దుమ్ము తుడిచింది. "కూర్చో," అంది బైండరుతో.

"అయ్యగారి కుర్చీలోనా? అమ్మో!"

"గోడ సందులోంచి భయపెట్టేకన్నా నయం. తప్పులు నేనే చూసుకుంటాలే. అక్షరాలు కూడా నేర్పుతాను. నువ్వు ఊఁ కొట్టు చాలు. కానీ ఫుల్‌స్టాప్ దాకా ఆగాలి, తెలిసిందా?"

"ఆగుతానమ్మా," అన్నాడు బైండరు. కుర్చీ అంచు మీద కూర్చున్నాడు. ఆవిడ మొదటి పేజీ తీసింది. ఏర్చి కూర్చినవారు కోలన్, అని చదివి, అన్నయ్య పేరు చదివి, కామా అని, నలభై ఏళ్ల తర్వాత మొదటిసారి తన పేరు తనే పైకి చదువుకుని, ఫుల్‌స్టాప్ అంది.

"ఊఁ," అన్నాడు బైండరు. స్టెనో కళ్లు తుడుచుకోవడానికి బీరువాల గదిలోకి వెళ్లిపోయింది.

*

సాయంత్రం ఆఫీసులో ఫైలు టైపు చేస్తూ ఉన్నట్టుండి స్టెనో చేతులు ఆగిపోయాయి. నోట్‌బుక్ రెండు పేజీలు వెనక్కి తిప్పింది. మళ్లీ ముందుకి తిప్పింది.

"సార్. బైండరు ఊఁ కొట్టడం మొదలుపెట్టింది శుక్రవారం."

"అవును."

"చదువరమ్మ గారు మొదటిసారి విన్నది గురువారం. ఆ రోజు ఇతను ఆస్పత్రిలో ఉన్నాడు. షట్టరు దించి ఉంది, వాన. ఇంట్లో ఇంకెవరూ లేరు. పైగా ఆ ఒక్కటీ..." ఆమె గొంతు తగ్గింది. "ఆ ఒక్కటీ ఫుల్‌స్టాప్ తర్వాతే పడింది సార్."

నిదానం గారు కళ్లజోడు తీసి తుడుచుకుంటున్నాడు.

కేసు ఫైల్లో జవాబు లేని మాట ఉండకూడదని కోర్టులో నేర్చుకుంది స్టెనో. ఆలోచించి ఆలోచించి, ఆ వాన గురువారం నాటి లైను మీద పెన్సిల్‌తో అడ్డంగా గీత కొట్టి కాగితం ఆయన ముందు పెట్టింది.

ఆయన కళ్లజోడు పెట్టుకుని చదివాడు. జేబులోంచి పెన్సిల్ తీసి, మొన చూసుకుని, బ్లేడుతో కాస్త చెక్కాడు. తర్వాత ఆ గీత కింద, ఒక్కొక్కటిగా, తొందరేం లేకుండా, లైను చివరి దాకా చుక్కలు పెట్టాడు.